లెన్స్ మీద ఒలికిన పాలు, క్లెయిమ్ మీద మూడు తప్పులు: గ్లాకోమా ఫ్లెక్స్ కోడింగ్ కేస్ స్టడీ

కంటి చార్టులు కోడ్ చెయ్యడం, అంటే డాక్టర్ రాసిన జబ్బుల్నీ ప్రొసీజర్లనీ ఇన్సూరెన్స్ క్లెయిమ్ కోసం కోడ్‌లుగా మార్చడం, తర్వాత ఆడిట్ చెయ్యడం, ఇదే పని చాలా ఏళ్ళుగా, కానీ హెచ్26.23 (గ్లాకోమా, అంటే నీటికాసుల, ఎటాక్ వల్ల లెన్స్‌లో మిగిలే మచ్చలు, అవే ఫ్లెక్స్) అనే కోడ్ నిజంగా వెయ్యాల్సిన చార్టులు నా చేతికి వచ్చినవి వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. అందుకే ఈ కేస్ కూర్చుని పూర్తిగా రాస్తున్నా. ఇందులో తప్పులు మూడు, ఒకటి డాక్టర్ గారిది, ఒకటి మా జూనియర్‌ది, మూడోది నాది, డబ్బు ఆగింది నా తప్పు వల్లే. పేషెంట్‌ని గుర్తుపట్టే వివరాలన్నీ తీసేశా, వయసు, రోజులు కాస్త అటూ ఇటూ మార్చా, కోడింగ్‌కి పనికొచ్చే మాటలు మాత్రం ఉన్నవి ఉన్నట్టే ఉంచా. ఇదంతా అమెరికా క్లెయిమ్స్ సంగతి, అంటే ఐసీడీ-10-సీఎం (జబ్బుల కోడ్‌లు), సీపీటీ (ప్రొసీజర్ల కోడ్‌లు), అక్కడి రూల్స్.

ముందు కథ. అరవై దాటిన ఆవిడ, ప్లస్ పవర్ అద్దాలు. ఒక రాత్రి కుడి కన్ను పగిలిపోయేంత నొప్పి, అదే వైపు తలనొప్పి, వాంతులు, లైట్ల చుట్టూ రంగుల వలయాలు. క్లినిక్‌కి వచ్చేసరికి కుడి కన్ను ప్రెషర్ 56, ఎడమది 17. కార్నియా మసగ్గా ఉంది, కనుపాప సగం విచ్చుకుని కదలకుండా ఉంది, గోనియోస్కోపీలో, అంటే కంటి లోపలి నీరు బయటికి పోయే మూలని చూసే పరీక్షలో, ఆ మూల, యాంగిల్, మూసుకుపోయి ఉంది. ఇక్కడ అనుమానానికి చోటే లేదు, డాక్టర్ గారు కూడా కుడి కన్ను అక్యూట్ యాంగిల్ క్లోజర్ గ్లాకోమా, ఎడమ కన్ను అనటామికల్ న్యారో యాంగిల్ అని శుభ్రంగా రాశారు. హెచ్40.211, హెచ్40.032. మందులిచ్చి ప్రెషర్ దించి కుడి కంటికి లేజర్ ఇరిడాటమీ (ఐరిస్‌లో చిన్న రంధ్రం) చేశారు, 66761 ఆర్‌టీ, ఆర్‌టీ అంటే కుడి వైపు అని చెప్పే మాడిఫైయర్. ఎనిమిదో రోజు ఎడమ కంటికి ముందుజాగ్రత్తగా అదే లేజర్, 66761కి గ్లోబల్ పీరియడ్ (మొదటి ప్రొసీజర్ ఫీజులోనే కలిసిపోయే రోజులు) పది రోజులు కాబట్టి ఎడమ కన్ను క్లెయిమ్‌కి 79 (మొదటిదానితో సంబంధం లేని ప్రొసీజర్), ఎల్‌టీ (ఎడమ) రెండు మాడిఫైయర్లూ పడాలి, పడ్డాయి, పేమెంట్ వచ్చింది. ఇంతవరకు ఏ గొడవా లేదు. ఒక్క చిన్న మాట, హెచ్40.21కి స్టేజ్ క్యారెక్టర్, అంటే జబ్బు ఎంత ముదిరిందో చెప్పే ఏడో అంకె, ఉండదు, ఆరు క్యారెక్టర్లతో అయిపోతుంది. గ్లాకోమా అనగానే వెనక ఏడోది తగిలించే అలవాటు కొందరికి ఉంటుంది, ఓపెన్ యాంగిల్‌కి, క్రానిక్ యాంగిల్ క్లోజర్‌కి కావాలి గానీ అక్యూట్‌కి అక్కర్లేదు.

అసలు కేస్ ఆరో వారం విజిట్‌తో మొదలవుతుంది. ఆవిడ కంప్లెయింట్, కుడి కన్ను మసక, రాత్రి ఎదురొచ్చే లైట్లు గుచ్చుకుంటున్నాయి. అద్దాలతో కుడి 20/60, ఎడమ 20/25. ప్రెషర్ 15, నెర్వ్ బాగుంది, ఫీల్డ్ నార్మల్. చార్టులో లెన్స్ దగ్గర ఉన్నది ఇంతే:

లెన్స్: ఎన్ఎస్ 2 ప్లస్ ఓయూ. ఏఎస్‌సీ ఒపాసిటీస్ ఓడీ, స్పిల్డ్ మిల్క్ అప్పియరెన్స్.

అసెస్‌మెంట్: ఒకటి, ఏఏసీజీ ఓడీ, ఎల్‌పీఐ అయింది. రెండు, క్యాటరాక్ట్ ఓయూ, ఓడీ విజువల్లీ సిగ్నిఫికెంట్. ప్లాన్: ఫేకో ఓడీ.

కంటి చార్టులు కొత్తవాళ్ళకి చెప్తున్నా, ఓడీ కుడి, ఓఎస్ ఎడమ, ఓయూ రెండూ. ఏఏసీజీ అంటే ఆ అక్యూట్ యాంగిల్ క్లోజర్ గ్లాకోమా, ఎల్‌పీఐ అంటే ఆ లేజర్ ఇరిడాటమీ, ఫేకో అంటే శుక్లం ఆపరేషన్. ఎన్ఎస్ అంటే న్యూక్లియర్ స్క్లెరోసిస్, లెన్స్ నడిమి భాగం గట్టిపడి పసుపెక్కడం, వయసుతో వచ్చే మామూలు శుక్లం. ఏఎస్‌సీ అంటే యాంటీరియర్ సబ్‌క్యాప్సులర్, లెన్స్ ముందు తొడుగుకి సరిగ్గా కింద. పీఎస్‌సీ అని రాస్తే వెనక తొడుగు వైపు, ఈ ఒక్క అక్షరం తేడాతో కోడ్ వేరే దారిలో పోతుంది, కాబట్టి చదివేటప్పుడు తొందరపడొద్దు.

మా జూనియర్ దీనికి వేసింది హెచ్40.211, హెచ్25.031, హెచ్25.13. మూడూ చార్టులో ఉన్న మాటలకి అచ్చంగా సరిపోతాయి, అందుకే ఆ అబ్బాయిని తిట్టలేం. ఏఏసీజీ అని ఉంది, వేశాడు. యాంటీరియర్ సబ్‌క్యాప్సులర్ అని ఉంది, ఎన్‌కోడర్‌లో (కోడ్‌లు వెతికే సాఫ్ట్‌వేర్) ఆ మాట కొడితే వయసు శుక్లాల్లో హెచ్25.03 వచ్చింది, కుడి కన్ను కాబట్టి 1. ఎన్ఎస్ ఓయూ అంటే హెచ్25.13. ఇంకో కోడర్ అయితే న్యూక్లియర్, సబ్‌క్యాప్సులర్ రెండూ ఒకే కంట్లో ఉన్నాయి కదా అని హెచ్25.811 కంబైన్డ్ ఫామ్స్ వేసేవాడు, అది ఇంకా తెలివైన తప్పు. ఎందుకంటే హెచ్25 మొత్తం వయసు శుక్లాల కుటుంబం, కంబైన్డ్ అంటే రెండూ వయసు వల్ల వచ్చినవి అయ్యుండాలి. ఇక్కడ ఆ రెండిట్లో ఒకటి అలాంటిది కాదు.

నన్ను ఆపింది ఆ స్పిల్డ్ మిల్క్ అనే మాట. ఒలికిన పాలచుక్కల్లా తెల్లగా బూడిద రంగులో చిన్న చిన్న మచ్చలు, కనుపాప వెనక లెన్స్ ముందు తొడుగు కింద, అది కూడా ఆరు వారాల కింద ప్రెషర్ 56 చూసిన కంట్లోనే, రెండో కంట్లో లేవు. దీనికి కంటి డాక్టర్లు వాడే పేరు గ్లాకోమ్‌ఫ్లెకెన్, జర్మన్ మాట, గ్లాకోమా మచ్చలు అని అర్థం, స్విస్ డాక్టర్ ఆల్‌ఫ్రెడ్ వోగ్ట్ వర్ణించింది. జరిగేది ఏంటంటే కంటి ప్రెషర్ హఠాత్తుగా చాలా పైకి పోయినప్పుడు లెన్స్ ముందు తొడుగు లోపల ఉండే ఎపిథీలియం కణాలు కొన్ని అక్కడక్కడా చచ్చిపోతాయి, అవి చచ్చిన చోటే ఈ మచ్చలు. ప్రెషర్ తగ్గినా మచ్చలు పోవు, లెన్స్ జీవితాంతం కొత్త పొరలు కప్పుకుంటూనే ఉంటుంది కాబట్టి ఏళ్ళు గడిచేకొద్దీ ఇవి లోపలికి దిగుతూ పోతాయి. అంటే మచ్చ ఎంత లోతుగా ఉంటే ఎటాక్ అంత పాతది, చెట్టు మొద్దులో వలయాలు లెక్కపెట్టినట్టు. పాత ఎటాక్ సంగతి పేషెంట్ మర్చిపోయినా లెన్స్ మర్చిపోదు, ఒకప్పుడు తలనొప్పి వచ్చి తగ్గిపోయింది అనుకున్నవాళ్ళ కంట్లో డాక్టర్లు ఈ మచ్చలు చూసి అది నీటికాసుల ఎటాక్ అని వెనక్కి వెళ్ళి పట్టుకుంటారు.

దీనికి ఐసీడీ-10-సీఎంలో సొంత ఇల్లు ఉంది, హెచ్26.2 కాంప్లికేటెడ్ క్యాటరాక్ట్ కింద హెచ్26.23, గ్లాకోమాటస్ ఫ్లెక్స్ సబ్‌క్యాప్సులర్. కుడి 1, ఎడమ 2, రెండూ అయితే 3, ఏ కన్నో రాయకపోతే 9. ఇండెక్స్‌లో క్యాటరాక్ట్ కిందికి వెళ్ళి కాంప్లికేటెడ్ దగ్గర చూస్తే దొరుకుతుంది. మా ఎన్‌కోడర్‌లో స్పిల్డ్ మిల్క్ కొట్టినా జర్మన్ పేరు కొట్టినా ఏమీ రాలేదు, అందుకే ఈ కోడ్ ఉందని ముందే తెలిసినవాళ్ళకి తప్ప ఎవరికీ తగలదు. పాత ఐసీడీ-9 రోజుల్లో ఇదే 366.31, 2015 అక్టోబర్ 1కి ముందు పనిచేసినవాళ్ళకి ఆ నంబర్ గుర్తుండొచ్చు, అప్పట్లో కుడి ఎడమ గొడవ లేదు, ఒకటే కోడ్.

ఆ కోడ్ కింద ఒక నోట్ ఉంటుంది, కోడ్ ఫస్ట్ అండర్‌లైయింగ్ గ్లాకోమా, హెచ్40 నుంచి హెచ్42 వరకు. ఈ కేస్ అంతా నడిచింది ఆ ఒక్క లైన్ మీదే, నా తప్పు కూడా అక్కడే.

జూనియర్‌ని పిలిచి చూపించా. "మరి మీరే మార్చెయ్యొచ్చు కదా అక్కా, ఇంత క్లియర్‌గా ఉంటే" అన్నాడు. మార్చకూడదు. నాకు క్లియర్‌గా ఉండటం వేరు, చార్టులో ఉండటం వేరు. డాక్టర్ గారు మచ్చలు ఎలా ఉన్నాయో రాశారు గానీ అవి ఏంటో రాయలేదు, ఎందుకు వచ్చాయో అసలే రాయలేదు. చూడటానికి పాలచుక్కల్లా ఉన్నాయి, పక్కనే యాంగిల్ క్లోజర్ ఉంది, కాబట్టి ఇవి ఫ్లెక్స్ అని నేను తేల్చేస్తే అది కోడింగ్ కాదు, డయాగ్నోసిస్. వాడు ఇంకోటి చూపించాడు, టెక్నీషియన్ వర్కప్ నోట్‌లో "ఫ్లెక్స్?" అని ఉందట. ప్రశ్నార్థకంతో ఉన్నది అవుట్‌పేషెంట్‌లో కోడ్ చెయ్యకూడదు, గైడ్‌లైన్స్ నాలుగో సెక్షన్‌లోనే ఉంది, ప్రాబబుల్, సస్పెక్టెడ్ లాంటివి అక్కడ పనికిరావు, పైగా రాసింది టెక్నీషియన్. కాకపోతే ఆ అమ్మాయి కన్ను మంచిది, అది ఒప్పుకోవాలి.

పైగా రెండో తలనొప్పి ఉంది, ఏఏసీజీ. ఆరో వారం, యాంగిల్ తెరుచుకుంది, ప్రెషర్ 15, నొప్పి లేదు, ఇంకా అక్యూట్ ఏంటి? మొదటి విజిట్ అసెస్‌మెంట్‌ని కాపీ చేసి ముందుకు లాక్కొచ్చారని చూడగానే తెలుస్తోంది, అక్షరం తేడా లేదు, అప్పుడు రాసిన స్పెల్లింగ్ తప్పు కూడా అలాగే వచ్చింది. ఇప్పుడు దాన్ని ఏమనాలి? హెచ్40.24 రెసిడ్యువల్ స్టేజ్ ఉంది, హెచ్40.22 క్రానిక్ ఉంది, నెర్వ్ బాగుంది కాబట్టి హెచ్40.06 డ్యామేజ్ లేని ప్రైమరీ యాంగిల్ క్లోజర్ అనే డాక్టర్లు కూడా ఉంటారు. మూడిట్లో ఏది అనేది గోనియోస్కోపీ చేసినవాళ్ళు చెప్పాలి, నేను కాదు. క్రానిక్ అంటే స్టేజ్ కూడా అడగాలి, మైల్డ్ అయితే కుడి కంటికి హెచ్40.2211, రెసిడ్యువల్ అంటే స్టేజ్ అక్కర్లేదు.

క్వెరీ రాశా, అంటే చార్టులో స్పష్టంగా లేనిదాన్ని డాక్టర్ గారినే రాసి అడగడం. దీని మీద కాస్త ఆగుతా, ఎందుకంటే మన దగ్గర చాలామంది క్వెరీ అంటే "డాక్టర్, ఇది గ్లాకోమ్‌ఫ్లెకెన్ అని యాడ్ చెయ్యండి" అని పంపిస్తారు. అది లీడింగ్ క్వెరీ, అంటే జవాబు మనమే అందించడం, ఏహెచ్‌ఐఎంఏ (అమెరికాలో హెల్త్ రికార్డుల నిపుణుల సంఘం) వాళ్ళ క్వెరీ గైడ్‌లైన్స్ ప్రకారం కూడదు, ఆడిట్‌లో దొరికితే కోడ్ కరెక్ట్ అయినా క్వెరీ తప్పవుతుంది. నేను పంపింది దాదాపు ఇలా ఉంటుంది:

ఫలానా తేదీ ఎగ్జామ్‌లో కుడి కన్ను లెన్స్ దగ్గర ఏఎస్‌సీ ఒపాసిటీస్, స్పిల్డ్ మిల్క్ అప్పియరెన్స్ అని ఉంది. అదే కంటికి ఆరు వారాల కింద ప్రెషర్ 56, అక్యూట్ యాంగిల్ క్లోజర్, లేజర్ ఇరిడాటమీ డాక్యుమెంట్ అయి ఉన్నాయి. ఈ ఒపాసిటీస్ రకం, కారణం మీ క్లినికల్ జడ్జ్‌మెంట్ ప్రకారం తెలపగలరు: వయసుకి సంబంధించిన యాంటీరియర్ సబ్‌క్యాప్సులర్ క్యాటరాక్ట్, గ్లాకోమాటస్ సబ్‌క్యాప్సులర్ ఫ్లెక్స్, మందుల వల్ల వచ్చిన క్యాటరాక్ట్, ఇతరం, వివరించండి, తేల్చలేం. అలాగే ఈ విజిట్ నాటికి కుడి కన్ను యాంగిల్ క్లోజర్ ప్రస్తుత స్థితి ఏంటి: అక్యూట్, క్రానిక్, స్టేజ్ ఎంత, రెసిడ్యువల్, గ్లాకోమా డ్యామేజ్ లేని యాంగిల్ క్లోజర్, ఇతరం, తేల్చలేం.

డబ్బు మాట, డినైయల్ (క్లెయిమ్ తిరస్కరణ) మాట ఎక్కడా లేదు చూడండి. మందుల ఆప్షన్ ఎందుకు పెట్టానని జూనియర్ అడిగాడు. ఆ ఆప్షన్ ఊరికే నింపడానికి పెట్టింది కాదు, కొన్ని రకాల పాత మయోటిక్ (కనుపాపని చిన్నది చేసే) చుక్కలు ఏళ్ళ తరబడి వాడితే కూడా ముందు తొడుగు కింద మచ్చలు వస్తాయి, అది అయితే హెచ్26.3, ఏ మందో చెప్పే టీ కోడ్ కూడా కావాలి. ఆవిడ వాడింది కొన్ని రోజులే, అయినా నిజంగా ఉండగల కారణాన్ని తీసేసి నాకు నచ్చింది ఒక్కటే మిగిలిస్తే అది కూడా లీడింగే.

రెండు రోజులకి జవాబొచ్చింది, రెండు లైన్లు. మొదటిది, కుడి కన్ను ఎటాక్ తర్వాతి గ్లాకోమాటస్ ఫ్లెక్స్, యాంగిల్ క్లోజర్ రెసిడ్యువల్ స్టేజ్, ఎల్‌పీఐ పనిచేస్తోంది, నెర్వ్ డ్యామేజ్ లేదు. రెండోది, చూపు తగ్గడానికి ముఖ్య కారణం న్యూక్లియర్ క్యాటరాక్ట్, ఫ్లెక్స్ కాదు. ఎగ్జామ్‌లో సెక్టార్ ఐరిస్ అట్రఫీ (ఐరిస్‌లో ఒక భాగం క్షీణించడం) కూడా ఉందని అడెండమ్‌లో (తర్వాత కలిపే నోట్) చేర్చారు, హెచ్21.261, అది బోనస్ అనుకోండి.

ఆరో వారం విజిట్ క్లెయిమ్ ఇంకా పోలేదు కాబట్టి అక్కడే మార్చా, హెచ్40.241, హెచ్26.231, హెచ్25.13, హెచ్21.261. హెచ్25.031 ఎగిరిపోయింది, అక్యూట్ ఎగిరిపోయింది. విజిట్‌లో చూసింది, మాట్లాడింది అన్నిటి గురించీ కాబట్టి గ్లాకోమా ముందుండటం బాగానే కుదిరింది, పేమెంట్ వచ్చింది. ఇక్కడే నాకు ధీమా ఎక్కువైంది.

నా తప్పు ఇప్పుడు. కుడి కన్ను సర్జరీ అయింది, మామూలు శుక్లం ఆపరేషన్ కోడ్ 66984 ఆర్‌టీ. క్లెయిమ్ నా దగ్గరకొచ్చింది, అప్పటికే ఈ కేస్‌కి నేనే ఎక్స్‌పర్ట్‌ని కదా, ఆపరేషన్ లెన్స్‌కి, లెన్స్ కోడ్ హెచ్26.231, దాన్నే మొదట పెట్టి పంపించా. స్క్రబ్బర్ (క్లెయిమ్ బయటికి పోకముందే తప్పులు పట్టే సాఫ్ట్‌వేర్) వెనక్కి కొట్టింది, కోడ్ ఫస్ట్ నోట్ ఉంది, దీనికి ముందు గ్లాకోమా కావాలి అని. సరే అని రెండు నిమిషాల్లో హెచ్40.241ని పైకి లాగి, దాని కింద హెచ్26.231, ఆ కింద హెచ్25.13, పాయింటర్ ఏ (ఈ ఆపరేషన్ లిస్టులో మొదటి డయాగ్నోసిస్ కోసం అని చెప్పే గుర్తు) అలాగే వదిలేసి పంపించా. స్క్రబ్బర్ పచ్చ లైట్ ఇచ్చింది. మూడు వారాలకి పేయర్ (ఇన్సూరెన్స్ వాళ్ళు) దగ్గర్నుంచి డినైయల్, సీఓ-11, డయాగ్నోసిస్ ప్రొసీజర్‌తో పొంతన లేదు. నిజమే కదా, పాయింటర్ ఏ అంటే ఇప్పుడు గ్లాకోమా, అంటే నేను పేయర్‌కి చెప్పింది యాంగిల్ క్లోజర్‌కి శుక్లం ఆపరేషన్ చేశాం అని. లెన్స్ తీసేసి యాంగిల్ క్లోజర్‌ని ట్రీట్ చెయ్యడం నిజంగానే ఉంది, కొందరు డాక్టర్లు దానికోసమే చేస్తారు, కానీ ఈ చార్టులో ఆపరేషన్‌కి కారణం అది కాదు, చూపు 20/60, న్యూక్లియర్ క్యాటరాక్ట్, డాక్టర్ గారు క్వెరీ జవాబు రెండో లైన్‌లో స్పష్టంగా రాశారు. నేను మొదటి లైన్ చదివి ఆగిపోయా.

కోడ్ ఫస్ట్ నోట్‌ని నేను క్లెయిమ్ మొత్తానికి రూల్ అనుకున్నా. అది ఆ జంటకి మాత్రమే, ఫ్లెక్స్ కోడ్ ఎక్కడ ఉన్నా దానికన్నా ముందు దాని గ్లాకోమా ఉండాలి, అంతే, గ్లాకోమా వచ్చి క్లెయిమ్ తలమీద కూర్చోవాలని ఎక్కడా లేదు. కాబట్టి సరైన వరస: హెచ్25.13, హెచ్40.241, హెచ్26.231. ఆపరేషన్ ఎందుకో ఆ కోడ్ మొదట, ఆ తర్వాత జంట, జంటలో గ్లాకోమా ముందు. పాయింటర్ ఏ అంటే ఇప్పుడు న్యూక్లియర్ క్యాటరాక్ట్. క్లెయిమ్ ఫారం బాక్స్ 22లో 7 (పాత క్లెయిమ్ బదులు ఇది అని అర్థం) వేసి కరెక్టెడ్ క్లెయిమ్ పంపిస్తే పేమెంట్ వచ్చింది.

ఇక్కడ ఒకరు అడిగారు, ఆపరేషన్ ఒక్క కంటికే కదా, హెచ్25.11 కదా వెయ్యాలి, 13 ఏంటి అని. చాలామంది చేసేది అదే, నేను కూడా చాలాకాలం అదే చేశా. గైడ్‌లైన్స్‌లో ల్యాటరాలిటీ దగ్గర, సెక్షన్ 1 బీ 13లో, జబ్బు రెండు వైపులా ఉండి ఒక్కో వైపు వేరే వేరే ఎన్‌కౌంటర్లలో ట్రీట్ చేస్తుంటే మొదటి వైపు ట్రీట్ చేసే రోజు కూడా బైలాటరల్ కోడే వెయ్యమని ఉంది, ఎందుకంటే ఆ రోజుకి జబ్బు రెండు వైపులా ఉంది. రెండో కంటికి చేసేటప్పుడు మాత్రం మొదటి కంట్లో శుక్లం లేదు కాబట్టి ఒక వైపు కోడ్. కుడి కన్నా ఎడమ కన్నా అని చెప్పే పని ప్రొసీజర్ మీద ఉన్న ఆర్‌టీ మాడిఫైయర్‌ది.

ఇంకొకరు, గ్లాకోమా ఉంది కదా, 66982 కాంప్లెక్స్ వేద్దామా అన్నారు. కాంప్లెక్స్ అంటే పేషెంట్ కాంప్లెక్స్ అని కాదు, పెద్దవాళ్ళ కేసుల్లో మామూలు శుక్లం ఆపరేషన్‌లో వాడని డివైస్‌గానీ టెక్నిక్‌గానీ వాడితేనే. ఆపరేషన్ నోట్ చదివా, ఐరిస్ హుక్స్ లేవు, రింగ్ లేదు, కనుపాప కాస్త మొండిగా ఉన్నా పని జరిగిపోయింది. 66984నే.

ఈ కేస్‌లో లేదు గానీ పక్కనే ఉండే గొయ్యి ఒకటుంది, అది చెప్పకపోతే ఈ కోడ్ సగమే అర్థమవుతుంది. ఇక్కడ గ్లాకోమా లెన్స్‌ని పాడు చేసింది. దానికి రివర్స్‌లో లెన్సే గ్లాకోమా తెచ్చే కేసులు ఇంకా ఎక్కువ కనిపిస్తాయి, బాగా ముదిరి ఉబ్బిన శుక్లం ఐరిస్‌ని ముందుకి తోసి యాంగిల్ మూసేస్తుంది, ఫేకోమార్ఫిక్ అంటారు. చార్టులో రెండిట్లోనూ అవే మాటలు, క్యాటరాక్ట్, యాంగిల్ క్లోజర్, హై ప్రెషర్. కానీ అక్కడ గ్లాకోమా హెచ్40.5, వేరే కంటి జబ్బు వల్ల వచ్చిన గ్లాకోమా, కుడి కన్ను అయితే హెచ్40.51 తర్వాత ఎక్స్ ప్లేస్‌హోల్డర్ పెట్టి ఏడో చోట స్టేజ్, ఉదాహరణకి హెచ్40.51ఎక్స్1. దాని కింద నోట్ కోడ్ ఆల్సో, కోడ్ ఫస్ట్ కాదు. కోడ్ ఆల్సో అంటే రెండూ వెయ్యి, ఏది ముందు అనేది ఆ రోజు విజిట్ దేనికోసమో దాన్ని బట్టి నువ్వే చూసుకో అని. రెండు నోట్లకీ మాట తేడా చిన్నదే గానీ క్లెయిమ్ తలకిందులవుతుంది. ఏది దేన్ని తెచ్చిందో చార్ట్ చెప్పకపోతే ఈ రెండు కోడ్‌లలో ఏదీ వెయ్యలేం, మళ్ళీ క్వెరీనే.

స్టేజ్ గురించి కూడా ఒక ముక్క. స్టేజ్ రాయకపోతే 0, ఇప్పుడు తేల్చలేం అని డాక్టర్ రాస్తే 4. ఇవి రెండూ ఒకటే అనుకుని రాయని చోట 4 వేసేవాళ్ళున్నారు, ఇండిటర్మినేట్ అనేది కూడా డాక్టర్ ఇచ్చే జడ్జ్‌మెంటే, మనం ఇచ్చేది కాదు.

కథ సర్జరీతో అయిపోలేదు. కొన్ని నెలలకి ఆవిడ ఎడమ కన్ను శుక్లం చూపించుకోవడానికి వచ్చింది, ఆ క్లెయిమ్ రొటీన్ ఆడిట్‌లో నాకే పడింది. కోడ్‌లు చూస్తే హెచ్25.13, హెచ్40.241, హెచ్26.231. అదే సెట్, పాత క్లెయిమ్ నుంచి దించేశారు. కుడి కంట్లో లెన్సే లేదిప్పుడు, ఐఓఎల్ (కృత్రిమ లెన్స్) ఉంది, మచ్చలు ఉన్న తొడుగు ముక్కని సర్జన్ గుండ్రంగా చించి తీసేశారు, మిగతావి లెన్స్‌తో పాటు పోయాయి, మరి ఫ్లెక్స్ ఎక్కడివి? ప్రాబ్లమ్ లిస్ట్‌లో ఎవరూ కొట్టెయ్యలేదు, అందుకని అవి అలా బతికే ఉన్నాయి. ఉండాల్సింది హెచ్25.12, హెచ్40.241, కుడి కంటి ఐఓఎల్‌కి జెడ్96.1. ఇంకా ముందుకెళ్తే వెనక తొడుగు మసకబారితే అది హెచ్26.491, దాని పేరు అదర్ సెకండరీ క్యాటరాక్ట్. ఈ పేరు చూసి గ్లాకోమాకి సెకండరీగా వచ్చిన శుక్లానికి ఇదే కోడ్ అని వేసినవాళ్ళని చూశా. ఐసీడీలో సెకండరీ క్యాటరాక్ట్ అంటే ఆపరేషన్ తర్వాత వచ్చే తొడుగు మసక మాత్రమే, ఇంకో జబ్బు వల్ల వచ్చింది అంటే కాంప్లికేటెడ్ దగ్గరకి వెళ్ళాలి.

ఈ గొడవంతా చూశాక డాక్టర్ గారు మంచి పని చేశారు, ఈఎంఆర్‌లో (చార్టులు రాసే సాఫ్ట్‌వేర్) లెన్స్ పిక్‌లిస్ట్‌కి కొత్త ఆప్షన్ పెట్టించారు, గ్లాకోమాటస్ ఫ్లెక్స్, పోస్ట్ యాంగిల్ క్లోజర్ అని. ఇక క్వెరీలు రావు అని మాకు మెయిల్ కూడా పెట్టారు. సరిగ్గా నెల తిరక్కుండా ఒక చార్ట్ వచ్చింది, ఓపెన్ యాంగిల్ గ్లాకోమా పేషెంట్, జన్మలో ఎటాక్ రాలేదు, ప్రెషర్ 22 దాటలేదు, రెండు కళ్ళకీ ఆ కొత్త ఆప్షన్ టిక్ చేసి ఉంది, కింద ఫ్రీ టెక్స్ట్‌లో మాత్రం పీఎస్‌సీ 1 ప్లస్ ఓయూ అని ఉంది. జూనియర్ నా సీట్ దగ్గరకొచ్చి స్క్రీన్ చూపించి, "హెచ్26.233 వెయ్యమంటావా అక్కా?" అని నవ్వాడు. క్వెరీ టెంప్లేట్ తెరవమన్నా.